‘మళ్ళీ వస్తుందా?’ అని అడిగే పిల్లలకు ఏ పుస్తకం ఇవ్వాలి

డిసెంబరు 26 వచ్చిందంటే చెన్నైలో కాసిమేడు, పట్టినపాక్కం లాంటి చోట్ల మత్స్యకార కుటుంబాలు సముద్రంలో పాలు పోసి పూలు చల్లుతాయి. టీవీలో అది చూపిస్తారు, మర్నాడు పేపర్లో ఫొటో పడుతుంది. 2004 సునామీ నాటికి పుట్టని పిల్లలు ఇప్పుడు కాలేజీల్లో ఉన్నారు. వాళ్ళ తర్వాత పుట్టినవాళ్ళు ఆ ఫొటో చూసి పక్కనున్న పెద్దవాళ్ళను ఏదో ఒకటి అడుగుతారు. ఎంతమంది పోయారని అడిగేవాళ్ళు తక్కువే. ‘అది మళ్ళీ వస్తుందా? మన ఇంటిదాకా వస్తుందా?’ అని అడిగేవాళ్ళే ఎక్కువ.

‘అవన్నీ నీకెందుకు, పోయి చదువుకో’ అనేది చాలా ఇళ్ళలో దీనికి సిద్ధంగా ఉండే జవాబు. కాస్త ఓపికున్న తల్లిదండ్రులు పుస్తకం కోసం వెతుకుతారు. జనవరి బుక్ ఫెయిర్‌లోనో, కోట్టూరుపురం అన్నా శతాబ్ది గ్రంథాలయంలో పిల్లల విభాగంలోనో వెతికితే ఏదో ఒకటి దొరుకుతుంది. చిక్కల్లా అక్కడే మొదలవుతుంది. పెద్దవాళ్ళు సంఘటన పేరు చూసి పుస్తకం తీసుకుంటారు. సునామీ గురించి అడిగాడు కాబట్టి సునామీ పుస్తకం, అంతే. పిల్లాడు అడిగిన ప్రశ్నకు అందులో జవాబు ఉందో లేదో చూడరు.

పెద్దల లెక్కలో సునామీ, భోపాల్, దేశ విభజన అన్నీ జాతీయ విషాదాలే. పిల్లల మనసులో మాత్రం ఇవి వేరువేరు ప్రశ్నలు రేపుతాయి. ప్రకృతి వల్ల జరిగిందైతే మళ్ళీ వస్తుందా అని భయం. మనుషుల నిర్లక్ష్యం వల్లనైతే ఎవరు చేశారు, వాళ్ళకు శిక్ష పడిందా అని కోపం. మనుషులు మనుషుల్ని చంపుకున్నదైతే మనం ఎటువైపు అని తికమక. ఒకదానికి పనికొచ్చే పుస్తకం ఇంకోదానికి పనికిరాదు.

అసలు ఇలాంటి సంగతులు పిల్లలకు చెప్పవచ్చా అనే అనుమానం ముందు తీరాలి. ఈ అనుమానం తెలుగు ఇళ్ళలో రావడం కొంచెం వింతే. పద్మవ్యూహంలో అభిమన్యుణ్ణి చుట్టుముట్టి చంపిన కథ, నిద్రపోతున్న ఉపపాండవుల గొంతులు అశ్వత్థామ కోసిన కథ అన్నం ముద్దలతో పాటు పెట్టిన జాతి మనది. 1947 జులైలో మద్రాసు నుంచి మొదలైన చందమామ తరతరాల పిల్లలకు శవాన్ని భుజాన వేసుకుని నడిచే విక్రమార్కుణ్ణి పరిచయం చేసింది. ఎవరూ జడుసుకుని చదవడం మానెయ్యలేదు. చావు సంగతి చెప్పడంలో ఇబ్బంది లేదు, ఎలా చెబుతామన్నదే అసలు సంగతి.

చావు అనేది పిల్లలకు ఎప్పుడు అర్థమవుతుందనే దాని మీద 1940ల నుంచీ పరిశోధనలు జరుగుతున్నాయి. పోయినవాళ్ళు తిరిగిరారు, ఎప్పుడో ఒకప్పుడు అందరూ పోతారు, పోయాక ఒంటికి ఆకలి, చలి, నొప్పి ఉండవు. ఈ మూడూ చాలామంది పిల్లలకు కుదురుగా తెలిసేది ఐదు నుంచి ఏడేళ్ళ మధ్యలో. అంతకన్నా చిన్నవాళ్ళకు ‘తాతయ్య నిద్రపోయాడు’, ‘ఊరెళ్ళాడు’ అని చెబితే రాత్రి పడుకోవడానికే భయపడతారు, నాన్న బ్యాగు సర్దుకుంటే ఏడుస్తారు. నాలుగేళ్ళ పాపకు ఒక ఇల్లు, ఒక కుక్క, తప్పిపోయి దొరికిన ఒక అమ్మ ఉన్న కథ చాలు. తొమ్మిదేళ్ళవాడికి అది సరిపోదు, వాడికి మ్యాప్ కావాలి.

ఇందులో టీవీది మరో తలనొప్పి. కూలిపోయే భవనాన్నో, ఊళ్ళోకి దూసుకొచ్చే నీటినో వార్తల్లో పదిసార్లు చూపిస్తే, అది పదిసార్లు జరిగిందనుకునే చిన్నపిల్లలుంటారు. 2001 సెప్టెంబరు 11 దాడుల తర్వాత అమెరికాలో పిల్లల వైద్యులు దీన్ని గట్టిగా చెప్పారు. పుస్తకంలో ఆ గొడవ లేదు. బొమ్మ కదలకుండా ఉంటుంది, భయమేస్తే పిల్లలే పేజీ మూసేయొచ్చు, ధైర్యం వచ్చాక మళ్ళీ తెరవొచ్చు.

ఇక సునామీ దగ్గరికి వద్దాం. 2004 డిసెంబరు 26, ఆదివారం. మన టైము ప్రకారం ఉదయం ఆరున్నరకు సుమత్రా దగ్గర సముద్రం అడుగున 9.1 తీవ్రతతో భూకంపం వచ్చింది. రెండు గంటలు దాటాక అలలు చెన్నై తీరాన్ని తాకాయి. తమిళనాడులో దాదాపు ఎనిమిది వేల మంది పోయారు, అందులో ఆరు వేలకు పైగా ఒక్క నాగపట్టినం జిల్లాలోనే. ఆ రెండు గంటల వ్యవధిని పిల్లలు వెంటనే పట్టుకుంటారు. ‘రెండు గంటలుంటే ఎందుకు చెప్పలేదు?’ అంటారు. చెప్పే ఏర్పాటు అప్పటికి హిందూ మహాసముద్రానికి లేదు. తర్వాత, 2007లో, హైదరాబాదులోని ఇన్‌కాయిస్ అనే సముద్ర సమాచార సంస్థలో సునామీ హెచ్చరిక కేంద్రం పెట్టారు. 2012 ఏప్రిల్ 11న సుమత్రా దగ్గర మళ్ళీ 8.6 తీవ్రతతో భూమి కంపించినప్పుడు చెన్నైలో మెరీనా నుంచి జనాన్ని పంపించేశారు. చెప్పుకోదగ్గ అల రాలేదు. ‘మళ్ళీ వస్తుందా?’ అన్నదానికి నిజాయితీ గల జవాబు ఇదే: రావచ్చు, కానీ ఈసారి ముందుగా తెలుస్తుంది, తెలిస్తే ఇలా చెయ్యాలి. ‘ఇంకెప్పుడూ రాదులే కన్నా’ అనడం అబద్ధం. రేపు ఏ టీచరో వేరేగా చెబితే ఆ తర్వాత మనం చెప్పేదేదీ నమ్మరు.

ఈ జవాబు పట్టుకున్న కథలు లోకంలో ఉన్నాయి. సుమత్రా పక్కనే సిమెలూ అని ఒక దీవి. భూకంప కేంద్రానికి కూతవేటు దూరం. 1907లో అక్కడ పెద్ద సునామీ వచ్చి ఎంతోమందిని తీసుకుపోయింది. బతికినవాళ్ళు ఆ సంగతిని పాటల్లో, జోలపాటల్లో, పొద్దుగూకాక పిల్లలకు చెప్పే కథల్లో పెట్టారు. భూమి ఊగి, సముద్రం వెనక్కి పోతే కొండెక్కండి అని వాటి సారం. 2004లో ఆ దీవిలో దాదాపు 78 వేల మంది ఉంటే పోయింది ఏడుగురు. పుస్తకం కాదు, బడి కాదు, సైరన్ అంతకన్నా కాదు. నాయనమ్మ నోటి పాట.

జపాన్‌లో ఇంకో కథ. 1854లో సునామీ వచ్చినప్పుడు హమగుచి గొర్యో అనే ఆయన తన వరి గడ్డివాములకు నిప్పు పెట్టి, ఆ వెలుగులో హిరో అనే ఊరి జనాన్ని గుట్ట మీదికి రప్పించాడు. ఈ కథ 1937 నుంచి 1947 దాకా జపాన్ ప్రాథమిక పాఠశాలల పాఠ్యపుస్తకంలో ఉంది. ప్రపంచ సునామీ అవగాహన దినంగా ఐక్యరాజ్య సమితి నవంబరు 5ను ఎంచుకోవడానికి మూలం ఆ సంఘటనే. పాఠంలో ఆయన్ని ముసలివాడిగా చూపించారు, నిజానికి అప్పటికాయన నడివయసువాడు కూడా కాదు. పాఠంలో కోసిన పంటంతా తగలబెట్టినట్టుంటుంది, ఆయన వెలిగించింది గడ్డివాములు. ఆ తర్వాత ఆయన ఊరికి కట్టించిన కరకట్ట 1946 సునామీలో చాలా ఇళ్ళను కాపాడింది. పిల్లలకు మంటకన్నా ఆ కరకట్టే ముఖ్యమని అనిపిస్తుంది గానీ, పాఠాలు రాసేవాళ్ళకు మంటలంటేనే మక్కువ.

పాఠ్యపుస్తకాల ఊసు వచ్చింది కాబట్టి ఒక మాట. టిల్లీ స్మిత్ అనే పదేళ్ళ బ్రిటిష్ అమ్మాయి 2004 డిసెంబరులో అమ్మానాన్నలతో థాయ్‌లాండ్‌లోని ఫుకెట్ వెళ్ళింది. రెండు వారాల ముందే క్లాసులో జాగ్రఫీ టీచరు సునామీ పాఠం చెప్పారు. బీచిలో నీళ్ళు నురగలు కక్కుతూ మీదికి రావడం చూసి, ఇది అదేనని పట్టుపట్టి అందరినీ పరిగెత్తించింది. ఆ బీచిలో ఎవరూ చనిపోలేదు. ఈ సంగతి చెప్పగానే పిల్లల మొహాలు మారతాయి. తమ ఈడు పిల్ల పెద్దవాళ్ళ చేత మాట వినిపించుకుందనే సరదా దానికి సగం కారణం.

సునామీ మీద చెన్నైలోనే తయారైన పుస్తకం ఒకటుంది. తిరువాన్మియూరులోని తారా బుక్స్ 2009లో ‘సునామీ’ పేరుతో దాన్ని వేసింది. బెంగాల్ పటచిత్రకారులు జయదేవ్, మొయనా చిత్రకర్‌ల పాట, బొమ్మలు. పటం విప్పుతూ పాడుకునే వాళ్ళ సంప్రదాయం ప్రకారం ఈ పుస్తకం కూడా పొడవాటి పటంలా విచ్చుకుంటుంది, చేత్తో సిల్క్ స్క్రీన్ అచ్చు వేశారు. చూడ్డానికి కళ్ళు చాలవు. కానీ అది ఏడుపు పాట. పోయినవాళ్ళను తలుచుకోవడానికి, ఊరందరి దుఃఖాన్ని ఒకచోట చూడ్డానికి పనికొస్తుంది. మళ్ళీ వస్తుందా అని భయపడి నిద్రపోని ఆరేళ్ళవాడి చేతిలో పెడితే భయం పెరుగుతుందే గానీ తగ్గదు. పన్నెండేళ్ళు దాటాక, అందరితో కలిసి ఏడవడం అంటే ఏమిటో తెలిసే వయసులో ఇవ్వాల్సిన పుస్తకం అది.

పిల్లల పుస్తకాల్లో దుఃఖం కోసం నిజాన్ని వంచడం ఒక పాత అలవాటు. హిరోషిమా మీద బాంబు పడినప్పుడు సదాకో ససాకికి రెండేళ్ళు. పన్నెండేళ్ళకు, 1955లో, లుకేమియా అనే రక్త క్యాన్సర్‌తో చనిపోయింది. వెయ్యి కాగితం కొంగలు చేస్తే కోరిక తీరుతుందని ఆసుపత్రిలో కొంగలు మడిచింది. 1977లో వచ్చిన ఎలనార్ కోర్ పుస్తకంలో ఆ అమ్మాయి 644 చేసి చనిపోతుంది, మిగతావి స్నేహితులు పూర్తిచేస్తారు. ప్రపంచమంతా చదివిన కథ అదే. నిజానికి సదాకో వెయ్యీ పూర్తిచేసి, ఇంకా మడుస్తూనే ఉంది. రెండింటికీ తేడా చిన్నది కాదు. లెక్క పూర్తికాకుండానే పోయిందంటే జాలి. పూర్తిచేసినా బతకలేదంటే అది బాంబు సంగతి చెబుతుంది, రేడియేషన్‌కు కొంగల లెక్క తెలియదని చెబుతుంది. గొర్యో వయసు మార్చినా సునామీ వస్తే గుట్టెక్కాలన్న విషయం చెక్కుచెదరలేదు. సదాకో కథలో మార్చింది అసలు విషయాన్నే. పిల్లల పుస్తకంలో కల్పన ఎంతవరకు ఉండొచ్చో తేల్చుకోవడానికి ఈ రెండూ పక్కపక్కన పెట్టి చూస్తే చాలు.

భోపాల్ లాంటివాటికి వచ్చేసరికి వంకర ఇంకో రకంగా ఉంటుంది. ‘1984 డిసెంబరు 2 రాత్రి భోపాల్‌లో విషవాయువు లీకై వేలమంది మరణించారు.’ జనరల్ నాలెడ్జ్ పుస్తకాల ధోరణి ఇది. అంటే వాయువే లీకైంది, మనుషులే మరణించారు, ఎవరూ ఏమీ చెయ్యలేదన్నమాట. నిజం అది కాదు. యూనియన్ కార్బైడ్ కర్మాగారంలో దాదాపు 40 టన్నుల మిథైల్ ఐసోసయనేట్ బయటికొచ్చింది. ఆ ట్యాంకును చల్లగా ఉంచాల్సిన యంత్రాన్ని నెలల ముందే ఆపేశారు. తప్పించుకొచ్చే వాయువును కాల్చేయాల్సిన గొట్టం పనిచేసే స్థితిలో లేదు. 2010లో ఏడుగురు భారతీయ అధికారులకు రెండేళ్ళ శిక్ష వేశారు. కంపెనీ అధిపతి వారెన్ ఆండర్సన్ విచారణకు రాకుండానే 2014లో కన్నుమూశారు. పదేళ్ళవాళ్ళకు ఇది చెబితే కోపమొస్తుంది. రానివ్వాలి. తగిన శిక్ష పడలేదని చెప్పడానికి పెద్దలకు మొహం చెల్లక, ‘అనుకోకుండా జరిగింది’ అని సర్దేస్తారు.

తమిళనాడులో ఉండే పిల్లలకైతే ఇంకా దగ్గరి ఉదాహరణ ఉంది. 2004 జులై 16న కుంభకోణంలో ఒక బడిలో మధ్యాహ్న భోజనం వండే పాకకు అంటుకున్న నిప్పు క్లాసుల కప్పుకు పాకి 94 మంది పిల్లలు చనిపోయారు. ఆ తర్వాతే బళ్ళమీద తాటాకు కప్పులు తీసేయించారు. తమ బడిలో మెట్లు ఎటున్నాయి, ఫైర్ డ్రిల్ ఎందుకు చేయిస్తారు అన్నది ఆ 94 మందితో ముడిపడి ఉందని తెలిస్తే డ్రిల్ రోజున నవ్వులాట తగ్గుతుంది. విశాఖలో 2020 మే 7న స్టైరీన్ అనే విషవాయువు లీకై పదిమందికి పైగా పోయిన సంగతి వాళ్ళ అమ్మానాన్నలు ఫోన్లలో చూసిందే. వీటిమీద పిల్లల కోసం రాసేవాళ్ళు ఎవరు చేశారు, ఏం చెయ్యాల్సింది చెయ్యలేదు అన్నది వాక్యంలో ముందు పెట్టి రాయాలి. తక్కినదంతా బొమ్మలు వేసేవాళ్ళు చూసుకుంటారు.

మూడో రకం అన్నిటికన్నా కష్టం. 1947 విభజనలో కోటిమందికి పైగా ఇళ్ళు వదిలి పోయారు. చంపినవాళ్ళు, చచ్చినవాళ్ళు అన్ని మతాల్లోనూ ఉన్నారు. చెన్నైలో పెరిగే తెలుగు పిల్లలకు పంజాబ్, సింధ్ ఎక్కడో దూరం. అయినా స్కూలు వ్యాన్‌లో ఎవడో ఒకడు ‘మీవాళ్ళు, మావాళ్ళు’ అనే మాట తెస్తాడు. అప్పుడు వివరాలు, లెక్కలు పనిచెయ్యవు, ఇద్దరు మనుషులు కావాలి. చెన్నై తూలికా ప్రచురణల ‘ముకంద్ అండ్ రియాజ్’ ఆ పని బాగా చేసిన పుస్తకం. నీనా సబ్నానీ తన తండ్రి జ్ఞాపకాల ఆధారంగా రాశారు. కరాచీలో ఇద్దరు దోస్తులు, ఒక టోపీ, ఒక ఓడ. గుడ్డముక్కలు కత్తిరించి కుట్టిన పనితనంతో బొమ్మలు. ముకంద్ కుటుంబం ఊరు దాటడానికి సాయం చేసేది రియాజే. హత్యలు చూపించదు, కానీ ఎందుకు పారిపోవాల్సి వచ్చిందో దాచదు. ఎటువైపు అని అడిగే పిల్లలకు, వైపులు గీసినవాళ్ళు వేరు, ఆ గీతకు అటూ ఇటూ చిక్కుకున్నవాళ్ళు వేరు అని పాఠం చెప్పకుండానే చూపిస్తుంది. ఒక్క లోటు: ఇద్దరు మంచి పిల్లలుంటే సరిపోతుందన్న భావన మిగిలిపోవచ్చు. ఆ తర్వాత పెద్దవాళ్ళు కూర్చుని మాట్లాడాలి, ఆ భారం పుస్తకం మీద వెయ్యకూడదు.

ఇక్కడ భాష సంగతి వస్తుంది. తమిళనాడులో 2006 చట్టం తర్వాత బళ్ళలో తమిళం తప్పనిసరి అవుతూ వచ్చింది. ఇంట్లో తెలుగు గలగలా మాట్లాడే పిల్లలు చాలామంది చదివేది మాత్రం ఇంగ్లిషు, తమిళం. భయమేసినప్పుడు అడిగేది తెలుగులో, అదీ పక్కలో పడుకున్న అమ్మమ్మనో అవ్వనో. ఇంగ్లిషు చదవని అవ్వ, తెలుగు చదవని మనవడు ఒకే పుస్తకం పట్టుకోవాలంటే రెండు భాషల పుస్తకం ఉండాలి. తూలికా అలాంటివి తెలుగుతో కలిపి చాలా వేసింది. బెంగళూరులో 2004లో మొదలైన ప్రథమ్ బుక్స్ 2015 నుంచి స్టోరీవీవర్ అనే వెబ్‌సైట్‌లో కథలను ఉచితంగా అనేక భాషల్లో పెడుతోంది. 2020లో కరోనా వచ్చినప్పుడు వాళ్ళు లాక్‌డౌన్ రోజుల్లోనే పిల్లల కోసం పుస్తకం తేవడం, అది చకచకా ఎన్నో భాషల్లోకి వెళ్ళడం చెప్పుకోదగ్గ సంగతి. అది అప్పటికింకా జరుగుతున్న విషాదం. పిల్లలకు అప్పుడు చేతులెందుకు కడగాలో, తాతను ఎందుకు ముట్టుకోకూడదో తెలియాలి. దుఃఖం తర్వాతి మాట.

అయితే తెలుగు అనువాదాల్లో కొన్ని బిగ్గరగా చదివితే పళ్ళ కింద రాయిలా తగులుతాయి. ‘ఉవ్వెత్తున ఎగసిన రాకాసి అలలు జనావాసాలను ముంచెత్తాయి’ అని ఉంటే అవ్వ తడబడుతుంది, మనవడు టీవీ యాంకర్ గొంతు వింటాడు. ‘సముద్రం వీధిలోకి వచ్చేసింది. మంచాలు తేలాయి’ అంటే ఇద్దరికీ కళ్ళకు కడుతుంది. రాకాసి అనే మాట పడగానే సముద్రం శత్రువైపోతుంది. రోజూ దాని మీదికి వేటకెళ్ళే మత్స్యకారుల పిల్లలు అలా అనుకుంటే వాళ్ళ బతుకు సాగదు.

తెలుగువాళ్ళకు సొంత విషాదం ఉంది, దాని మీదే పిల్లల పుస్తకం గట్టిగా రావాలి. 1977 నవంబరు 19 దివిసీమ ఉప్పెన. అధికారుల లెక్క ప్రకారమే దాదాపు పదివేల మంది పోయారు. కృష్ణా జిల్లా నుంచి వచ్చి చెన్నైలో స్థిరపడ్డ ఇళ్ళలో ఆ పేరెత్తితే ఇప్పటికీ ఎవరో ఒకరికి గొంతు పూడుకుపోతుంది. అప్పటి పదేళ్ళ పిల్లలు ఇప్పుడు అరవైకి అటూ ఇటూ ఉన్నారు. పైన చెప్పిన మూడు ప్రశ్నల్లో మొదటి రెండూ ఇందులో కలిసే ఉన్నాయి. మళ్ళీ వస్తుందా? వచ్చింది. 1990 మేలో దాదాపు అంతే బలమైన తుపాను కోస్తాను కొట్టింది. అప్పుడు పోయినవాళ్ళు వెయ్యిలోపు, ఎందుకంటే ఆరున్నర లక్షల మందిని ముందే తరలించారు, 1977 తర్వాత తీరం పొడవునా తుపాను ఆశ్రయాలు కట్టారు. 1977లో అవెందుకు లేవని పిల్లలు అడిగితే అదీ చెప్పాల్సిందే.

అలాంటి పుస్తకానికి అచ్చువేసేవాళ్ళకూ బొమ్మలు వేసేవాళ్ళకూ చెన్నైలో కొదవ లేదు. ముందు కావాల్సింది ఆ రోజు బతికి బయటపడ్డవాళ్ళ మాటలు. వాళ్ళను కూర్చోబెట్టి నష్టం ఎంత, సాయం ఎంత అందింది అని అడిగితే పేపరు వార్తే తిరిగొస్తుంది. ఆ సాయంత్రం ఏం తింటున్నారు, నీళ్ళొచ్చినప్పుడు ఏ చెట్టు పట్టుకున్నారు, పక్కన ఎవరున్నారు, తెల్లారాక మొదట అన్నం పెట్టింది ఎవరు అని అడగాలి. పిల్లలు అడిగేవి కూడా అవే.